డెల్టా డబ్బు మిల్లు ఎందుకు కాలేదు?

గుంటూరులో ఎం.ఏ. ఎకనామిక్స్ చదువుతున్న ఒక అమ్మాయి అడిగిన ప్రశ్న ఇది: "ఇంగ్లండ్‌లో వ్యవసాయంలో మిగిలిన డబ్బూ, ఊళ్లలో బతుకు పోయిన జనమూ కలిసి ఫ్యాక్టరీలు పుట్టాయని చదువుకున్నాం. కృష్ణా డెల్టాలో ఆనకట్ట కట్టినప్పటి నుంచీ మిగులు ఉంది, భూమి లేని కూలీలూ ఉన్నారు. మరి ఇక్కడ మిల్లులు ఎందుకు రాలేదు? మనవాళ్లకి పొలం, వ్యాపారం తప్ప పరిశ్రమ పెట్టే గుణం లేదని మా సార్ అంటారు. నిజమేనా?"

నిజం కాదమ్మా. మీ సార్ మీద గౌరవంతోనే చెబుతున్నాను. గుణం అనే మాటతో తేల్చేస్తే ఇక చరిత్రలో చదవాల్సింది ఏమీ మిగలదు. చేతిలో డబ్బున్న రైతు ఎటు వెళతాడో తెలియాలంటే ప్రభుత్వం ఎవరి సరుకును కాపాడుతోందో, బొగ్గో కరెంటో ఏ ధరకు దొరుకుతోందో, ఉన్నచోటే డబ్బు తిప్పితే ఎంత వస్తోందో చూడాలి. ఇంకొక మాట. మిల్లు రాలేదు కాబట్టి పెట్టుబడిదారీ విధానం ఇక్కడికి రాలేదనుకోకండి. అది వచ్చింది. ఫ్యాక్టరీ చట్టం కిందికి రాకుండా వచ్చింది. ఆ ఖరీదు ఎవరు కట్టారో చెప్పడానికే ఇంత పొడుగ్గా రాస్తున్నాను.

నేను ఎవరో కూడా చెప్పాలి. ముప్పై రెండేళ్లు విజయవాడ ఆటోనగర్‌లో, గుంటూరులో చిన్న చిన్న యూనిట్లకు మస్టర్లు (పనివాళ్ల హాజరు పట్టీలు), పీఎఫ్, ఈఎస్ఐ (కార్మిక బీమా) లెక్కలు రాసి బతికాను. మా నాన్న పొగాకు బ్యారన్ (ఆకును వేడితో ఆరబెట్టే గది) దగ్గర నిప్పు చూసేవాడు. మా అమ్మ గుంటూరులో పొగాకు గ్రేడింగ్‌కి, అంటే ఆకును రకాలుగా వేరు చేసే పనికి వెళ్లేది. చరిత్ర పుస్తకాలు చదవడం తర్వాత అబ్బింది.

ముందు ఇంగ్లండ్ సంగతి. అక్కడి కథ మన తీరం నుంచే మొదలవుతుంది. ఈస్టిండియా కంపెనీ వాళ్లు 1611లో మచిలీపట్నంలో వర్తక స్థావరం పెట్టుకున్నారు. మన అద్దకం బట్టలు, కలంకారీలు లండన్‌లో ఎంతగా అమ్ముడయ్యాయంటే అక్కడి ఉన్ని, పట్టు నేతగాళ్లకి పని పడిపోయింది. 1719లో లండన్ స్పిటల్‌ఫీల్డ్స్ నేతగాళ్లు వీధుల్లోకి వచ్చి, ఈ బట్టలు కట్టుకున్న ఆడవాళ్ల ఒంటి మీదే చింపేశారు. అంతకుముందే, 1700లో, అద్దకం బట్టల దిగుమతిని పార్లమెంటు నిషేధించింది. 1721లో వాటిని కట్టుకోవడం మీద కూడా నిషేధం పెట్టింది. పోటీ సరుకు ఇలా బయటే ఆగిపోయిన తర్వాత యాభై ఏళ్లకు, 1771లో, ఆర్క్‌రైట్ క్రామ్‌ఫర్డ్‌లో నీటి బలంతో నడిచే నూలు మిల్లు పెట్టాడు. స్వేచ్ఛా వాణిజ్యం వల్ల ఇంగ్లండ్ ఎదిగిందని చెప్పేవాళ్లను ఈ తేదీలు ఒకసారి వరసగా చూడమనండి. మిల్లు బలపడే దాకా తలుపు మూసి ఉంచారు, బలపడ్డాక ప్రపంచమంతా తలుపులు తెరవాలన్నారు.

జనం సంగతి కూడా అంతే. పల్లెల్లో అందరూ పశువులు మేపుకునే, పుల్లలు ఏరుకునే ఉమ్మడి భూములకు చట్టం చేసి కంచెలు వేశారు. హక్కు పత్రం ఉన్నవాడికి వాటా వచ్చింది. పత్రం లేక, వాడుక మాత్రమే ఉన్నవాడు రోడ్డున పడ్డాడు. అలా వచ్చినవాళ్లు, వాళ్ల పిల్లలు మిల్లుల్లో పన్నెండు, పద్నాలుగు గంటలు నిలబడ్డారు. 1833 చట్టం వచ్చాకే బట్టల మిల్లుల్లో తొమ్మిదేళ్ల లోపు పిల్లల్ని పెట్టుకోకూడదన్నారు. ఆడవాళ్లకు, పిల్లలకు పది గంటల హద్దు 1847 దాకా రాలేదు.

ఇప్పుడు మన దగ్గరికి వద్దాం.

1832-33లో, నందన నామ సంవత్సరంలో, గుంటూరు ప్రాంతంలో వచ్చిన కరువును పెద్దవాళ్లు డొక్కల కరువు అనేవాళ్లు. జనాభా ఐదు లక్షలైతే సుమారు మూడో వంతు పోయారు. ఆ తర్వాత ఇరవై ఏళ్లకు, కాటన్ దొర ప్రణాళికతో కెప్టెన్ ఓర్ పర్యవేక్షణలో బెజవాడ దగ్గర ఆనకట్ట కట్టారు. 1855కల్లా పూర్తయింది. కాలవల్లో నీళ్లు పారాయి, మెట్ట మాగాణి అయింది, వరి సంత సరుకు అయింది. మన మిగులు అక్కడే మొదలైంది.

కానీ ఆ మిగులు ఎవరి చేతిలో ఉందో చూడాలి. బొంబాయిలో 1854లోనే కావస్జీ దావర్ నూలు మిల్లు పెట్టగలిగాడు, అదీ ఇదే దొరల పాలనలో. అక్కడి డబ్బు వర్తకుల డబ్బు. నల్లమందు, పత్తి, ఓడలు, చైనా బేరం, అన్నీ తెలిసిన పదిమంది ఒకచోట కూర్చుంటే మిల్లుకి కావలసిన మూలధనం పోగయ్యేది. మన డబ్బు వేలాది రైతు ఇళ్లలో పది ఎకరాల ఇంట్లో ఇంత, ఇరవై ఎకరాల ఇంట్లో ఇంత అని చెల్లాచెదురుగా ఉండేది. ధాన్యంగానో, పక్కవాడి ప్రామిసరీ నోటుగానో, మరో ఎకరంగానో ఉండేది. దాన్ని ఒకచోటికి తెచ్చే సంస్థ లేదు. భోగరాజు పట్టాభి సీతారామయ్య 1923లో మచిలీపట్నంలో లక్ష రూపాయల చెల్లించిన మూలధనంతో ఆంధ్రా బ్యాంక్ మొదలుపెట్టారు. ఆనకట్టకి, ఆ బ్యాంకుకి మధ్య 68 ఏళ్లు.

బొగ్గు లేదని కొందరు అంటారు. 1889లో నిజాం రైలు మార్గం బెజవాడ చేరింది, సింగరేణి బొగ్గు అదే దారిలో ఉంది. కాబట్టి ఆ వాదన పూర్తిగా నిలవదు. పన్నుల సంగతి మాత్రం నిలుస్తుంది. 1882లో ఇంగ్లండ్ బట్ట మీద దిగుమతి సుంకం తీసేశారు. తర్వాత ఖజానా అవసరానికి మళ్లీ వేయాల్సి వచ్చినప్పుడు, ఇంగ్లండ్‌లో బట్టల మిల్లులున్న లాంకషైర్ వాళ్లకి నష్టం రాకూడదని 1896లో మన మిల్లు బట్ట మీద కూడా మూడున్నర శాతం ఎక్సైజ్ పన్ను వేశారు. అది 1926 దాకా పోలేదు. తన సరుకుని కాపాడుకోవడానికి ఇంగ్లండ్ ఏం చేసిందో పైన చూశారు. అదే సర్కారు ఇక్కడ దానికి పూర్తిగా తలకిందులు చేసింది.

దీనికి సాక్ష్యం చక్కెర. 1932లో చక్కెర పరిశ్రమకు రక్షణ చట్టం చేసి దిగుమతి మీద గట్టి సుంకం వేశారు. దేశంలో ముప్పై చిల్లర ఉన్న మిల్లులు నాలుగైదేళ్లలో నూరు దాటాయి. ఆ గాలి మన వైపూ వీచింది. గుంటూరు జిల్లాలో పుట్టి ఐసీఎస్ ఉద్యోగం చేసిన వెలగపూడి రామకృష్ణ 1941లో ఉయ్యూరు చక్కెర ఫ్యాక్టరీతో కేసీపీ కంపెనీని మొదలుపెట్టారు. 1958లో అదే సంస్థ మాచర్లలో సిమెంట్ ఫ్యాక్టరీ పెట్టింది. అటు గోదావరి పక్కన, తణుకులో 1947లో ముళ్లపూడి హరిశ్చంద్ర ప్రసాద్ ఆంధ్రా షుగర్స్ పెట్టారు. ఇవన్నీ పొలం నుంచి వచ్చిన డబ్బులే. తలుపు తెరిచినప్పుడు మనవాళ్లు లోపలికి వెళ్లారు. గుణం లేకపోతే ఇవెలా వచ్చాయని మీ సార్‌ని అడగండి.

ఇంతకన్నా గట్టి సాక్ష్యం కోయంబత్తూరు. అక్కడ మిల్లులు పెట్టినవాళ్లలో ముఖ్యులు ఎవరనుకున్నారు? తరాల కిందట తమిళ దేశానికి వెళ్లి స్థిరపడిన, ఇంట్లో తెలుగు మాట్లాడే నాయుళ్లు, వ్యవసాయదారులు. కుప్పుస్వామి నాయుడు 1910లో లక్ష్మీ మిల్స్ పెట్టారు. 1932లో పైకారా జలవిద్యుత్తు వచ్చాక అక్కడ నూలు మిల్లులు వరసగా లేచాయి. మరి అదే భాష మాట్లాడే, అదే వ్యవసాయం నుంచి వచ్చిన మనుషులు ఇక్కడ ఎందుకు పెట్టలేదు? వాళ్లది నల్లరేగడి, పత్తి పండే మెట్ట. వానను నమ్ముకోలేరు, బావి తవ్వుకోవాలి. మిగిలిన రూపాయికి వేరే దారి వెతుక్కోక తప్పని నేల. పత్తి పక్కనే ఉంది, కరెంటు చవగ్గా వచ్చింది. మనకు కాలవ నీళ్లు ఉన్నాయి. వరి వేసి, పంట పోదన్న ధీమాతో ఇంకో ఎకరం కొనేవాడికి మిల్లు పెట్టాల్సిన అవసరం ఏముంది? పైగా మాచ్‌ఖండ్ జలవిద్యుత్తు వచ్చింది 1955లో, కోయంబత్తూరు కంటే ఇరవై మూడేళ్లు ఆలస్యంగా. నా ఉద్దేశంలో మన డబ్బుని పొలానికి కట్టేసింది ఆ కాలవ నీళ్లే. వాటిని నేను తప్పుపట్టడం లేదు. ఆ నీళ్లు లేకపోతే నందన కరువు మళ్లీ మళ్లీ వచ్చేది.

ఇప్పుడు పొగాకు. దీని దగ్గర కాస్త ఎక్కువసేపు ఆగుతాను. మీ ప్రశ్నకు అసలు జవాబు నాకు ఇక్కడే దొరికింది.

వర్జీనియా పొగాకు 1920లలో గుంటూరు నేలకి వచ్చింది. ఇండియన్ లీఫ్ టొబాకో డెవలప్‌మెంట్ కంపెనీ, జనం నోట్లో ఐఎల్‌టీడీ, విత్తనం ఇచ్చింది, అప్పు ఇచ్చింది, ఎలా పండించాలో చెప్పింది, ఆకు కొన్నది. చీరాలలో పెద్ద ఫ్యాక్టరీ ఉండేది. ఇంత పెద్ద వ్యాపారంలో కంపెనీ సొంతంగా పెట్టుకున్నది ఆకును మళ్లీ ఆరబెట్టే యంత్రాలు, గోడౌన్లు. పొలం రైతుది. బ్యారన్ రైతుది, దాని మీది అప్పు రైతుది, పొయ్యిలో పుల్ల రైతుది, మాడిపోతే నష్టం రైతుది. ఫ్యాక్టరీలు రాకముందు ఇంగ్లండ్‌లో వర్తకుడు ఊరూరా తిరిగి ఇళ్లకు ఉన్ని ఇచ్చి నూలు తీసుకెళ్లేవాడు, రాట్నం మాత్రం వడికేవాళ్లదే. మన పొగాకు సరిగ్గా ఆ పద్ధతి. అక్కడ అది ఫ్యాక్టరీకి ముందు మెట్టు. ఇక్కడ దాని మీద ఇంకో మెట్టు కట్టకుండానే అరవై, డెబ్బై ఏళ్లు నడిపించారు.

బ్యారన్ అంటే కిటికీల్లేని ఎత్తయిన గది. బయట పొయ్యి, లోపల నేల మీద రేకు గొట్టాలు, పైన వరసలుగా ఆకు కట్టిన కర్రలు. ముందు సన్న వేడిలో ఆకు పసుపు తిరగాలి, తర్వాత ఆకు ఎండాలి, చివర ఈనె ఎండాలి. ఐదారు రోజులు, రాత్రీ పగలూ. వేడి తొందరపడి పెంచితే ఆకుపచ్చగా నిలిచిపోతుంది, పెంచాల్సినప్పుడు పెంచకపోతే నల్లబడుతుంది. మా నాన్న పక్కన అలారం గడియారం పెట్టుకుని పొయ్యి ముందే పడుకునేవాడు. గంటకోసారి లేచి, గోడలో ఉన్న చిన్న అద్దంలోంచి థర్మామీటర్ చూసి, పుల్ల ఎగదోసేవాడు. ఆ ఐదు రాత్రుల నిద్రకి ఎవరూ లెక్క కట్టలేదు. బ్యారన్‌కి ఇంత అని గుత్త.

అమ్మది ఇంకో పని. కోసే రోజుల్లో పచ్చి ఆకు జిగురు చేతులకు నల్లగా అంటుకుంటుంది. ఎంత తోమినా పోదు, అన్నం కలిపితే ముద్ద చేదుగా ఉంటుంది. గ్రేడింగ్ షెడ్‌లో అయితే జిగురు ఉండదు, దుమ్ము ఉంటుంది. ముక్కుకి చెంగు కట్టుకుని, ఆకు రంగూ మచ్చా చూసి, చేత్తో తడిమి వేరు చేయాలి. నిమ్మపండు రంగు ఒక కుప్ప, నారింజ ఒక కుప్ప, గోధుమ రంగు ఒక కుప్ప. కంపెనీ లాభమంతా ఆ వేళ్ల కొసల్లో ఉండేది. ఆ చూపుకి ఏళ్ల తరబడి అనుభవం కావాలి. అయినా దానికి నైపుణ్యం లేని పని అని పేరు, ఆడకూలి రేటు.

అమ్మ 22 సీజన్లు చేసింది. 1972 గ్రాట్యుటీ చట్టం ప్రకారం ఏడాది పొడవునా చేసేవాళ్లకి ఏడాదికి 15 రోజుల జీతం, సీజన్ పనివాళ్లకి సీజన్‌కి 7 రోజుల జీతం. ఆ ఏడు రోజుల లెక్క కూడా అమ్మకి రాలేదు. ఆమె పేరు మేస్త్రి పుస్తకంలో ఉంది, షెడ్ పుస్తకంలో లేదు. నేను ఉద్యోగంలో చేరి చట్టాలు చదివాక గానీ ఇందులో మోసం ఎక్కడుందో నాకు అర్థం కాలేదు. అప్పటికి అమ్మకి దగ్గు పట్టుకుంది.

రైతు కూడా సుఖపడలేదు. ఆకు ఏ గ్రేడో చెప్పేది కొనేవాడే. 1976 జనవరి 1న గుంటూరు కేంద్రంగా పొగాకు బోర్డు ఏర్పడింది. మన రాష్ట్రంలో వేలం 1985లో మొదలైంది. ఆ వేలం కోసం రైతులు చాలా పోరాడారు, దాని వల్ల పదిమంది ఎదుట ధర తేలే పద్ధతి వచ్చింది. అంటే రైతుకి ఒక బోర్డు దొరికింది. బ్యారన్ దగ్గర నిప్పు చూసినవాడికి, గ్రేడింగ్ చేసిన ఆడమనిషికి అలాంటిది ఏదీ దొరకలేదు. గుంటూరు మిర్చి యార్డులో ఇప్పటికీ అదే పరిస్థితి. టిక్కీలు (మిర్చి బస్తాలు) మోసే హమాలీ ఉన్నాడు, కోల్డ్ స్టోరేజీల దగ్గర కిలోకి ఇంత అని తొడిమలు తీసే ఆడవాళ్లు ఉన్నారు. ధర పెరిగితే రైతు, ఏజెంటు, ఎగుమతిదారు మాట్లాడతారు, తొడిమల రేటు మాత్రం వార్తల్లో రాదు. మహారాష్ట్రలో 1969లోనే మాథాడీ చట్టం చేసి మోతగాళ్లకు బోర్డులు పెట్టారు. అలాంటిది ఇక్కడా కావాలని మన హమాలీ సంఘాలు ఏళ్ల తరబడి అడుగుతున్నాయి.

ఫ్యాక్టరీ చట్టం సంగతి మీ పాఠాల్లో సంవత్సరాల పట్టీగా ఉంటుంది. దాన్ని ఒక్క అంకె పట్టుకుని చదవండి: ఎంతమంది ఉంటే అది ఫ్యాక్టరీ? 1881 చట్టంలో వందమంది. 1891లో యాభై. 1922లో ఇరవై. 1948లో, కరెంటు వాడితే పది, వాడకపోతే ఇరవై. హద్దు దిగినప్పుడల్లా కొన్ని లక్షలమందికి పని గంటలు, సెలవు, తాగునీరు, యంత్రానికి కంచె హక్కులయ్యాయి. 1920లో ఏఐటీయూసీ కార్మిక సంఘం పుట్టినప్పటి నుంచీ సమ్మెలు చేసి, జైళ్లకు వెళ్లి కార్మికులు ఆ అంకెని కిందికి దించారు. 2020 లేబర్ కోడ్‌లో అది మళ్లీ పైకి వెళ్లింది, కరెంటు ఉంటే ఇరవై, లేకపోతే నలభై. చిన్న పరిశ్రమకు ఊపిరి పోయడానికని చెప్పారు. నేను మస్టర్లు రాసినవాణ్ణి, నాకు ఆ మాట మింగుడు పడదు.

ఎందుకో ఆటోనగర్ చూస్తే తెలుస్తుంది. 1960లలో ఊరి మధ్య రోడ్ల మీద ఉన్న మెకానిక్ షాపులన్నిటినీ ఒకచోటికి తెచ్చి ఆటోనగర్ ఏర్పాటు చేశారు. లారీ ఛాసిస్ ఒక చివర ప్రవేశిస్తే బాడీ, క్యాబిన్, రంగు, తొట్టి, కమాన్ కట్టలు అన్నీ పూర్తయి ఇంకో చివర బయటికి వస్తుంది. ఇది ఫ్యాక్టరీయే. అయితే ఒకే కప్పు కింద లేదు, వందల షెడ్‌లుగా చీలి ఉంది. ప్రతి షెడ్‌లో మస్టర్ మీద తొమ్మిది పేర్లు, ఎందుకంటే చట్టం పది నుంచి మొదలయ్యేది. చదువు లేని కుర్రాడు మేస్త్రి దగ్గర చేరి నాలుగేళ్లలో లేత్ పట్టుకుని, పదేళ్లకు తన షెడ్ పెట్టుకున్న కథలు అక్కడ చాలా ఉన్నాయి, అవి నిజాలు, నాకు వాటి మీద ఎంతో గౌరవం. ఆ షెడ్ ఓనరు కూడా లారీ ఓనరు ఇచ్చే బిల్లు కోసం మూడు నెలలు తిరగాల్సిందే. అతన్ని కోటీశ్వరుడనుకోవద్దు.

కానీ ఆ తొమ్మిది పేర్లు రాసింది నేనే. పద్నాలుగుమంది పనిచేస్తున్న ఒక షెడ్‌లో, 1993లో, నందిగామ వైపు నుంచి వచ్చిన పందొమ్మిదేళ్ల కుర్రాడి రెండు వేళ్లు పవర్ ప్రెస్‌లో పోయాయి. మధ్యాహ్నం అన్నం తిని వచ్చి, రేకు సర్దుతుండగా పెడల్ పడింది. చెయ్యి లోపలికి పోకుండా ఆపే గార్డు ఎప్పుడో విప్పేశారు, పని స్పీడుగా సాగాలని. మస్టర్ మీద ఉన్న తొమ్మిదిలో అతని పేరు లేదు. కాగితం మీద షెడ్‌లో పదిమంది లేరు కాబట్టి ఈఎస్ఐ లేదు. ఓనరు ఆస్పత్రి ఖర్చు పెట్టుకుని, చేతిలో పదకొండు వేలు పెట్టి ఊరికి పంపాడు. పది మందీ లేని షెడ్ అయినా సరే, కరెంటుతో తయారీ జరిగే చోట, పనిలో దెబ్బ తగిలినవాడికి పరిహారం ఇప్పించే 1923 నాటి వర్క్‌మెన్ కాంపెన్సేషన్ చట్టం అప్పట్లో వర్తించేదని నాకు తెలుసు. ఒక చేతికి రెండు వేళ్లు పోతే సంపాదించే శక్తిలో 20 శాతం నష్టమని దాని షెడ్యూల్‌లో అచ్చేసి ఉండేది. లెక్క కడితే ఆ పదకొండు వేల కంటే బాగా ఎక్కువ వచ్చేది. ఆ మాట నేను అతనికి చెప్పలేదు. నెలనెలా నాకు ఫీజు ఇచ్చేది ఓనరు. ఆ సంవత్సరం తర్వాత మస్టర్ రాసే ప్రతి చోటా దెబ్బ తగిలినవాడికి ఆ చట్టం పేరు కాగితం మీద రాసి ఇచ్చాను, దానివల్ల కొన్ని ఖాతాలు పోయాయి. ఆ కుర్రాడు మాత్రం మళ్లీ కనిపించలేదు.

మిగిలిన డబ్బు ఎటు పోయిందన్నది త్వరగా చెప్పేస్తాను, ఇది మీకు తెలిసిందే. 1966 తర్వాత ఐఆర్-8 లాంటి కొత్త వరి వంగడాలు వచ్చాక, 1967లో సాగర్ కాలవల్లో నీళ్లు వదిలాక మిగులు ఇంకా పెరిగింది. 1973 భూపరిమితి చట్టంతో పొలం ఎక్కువ పోగేసుకోవడం కష్టమైంది. అప్పుడు రైస్ మిల్లులు, లారీలు, విజయవాడ గాంధీనగర్‌లో సినిమా పంపిణీ, తర్వాత రెసిడెన్షియల్ కాలేజీలు, హైదరాబాద్‌లో స్థలాలు, పిల్లల అమెరికా చదువు. అన్నింటిలోనూ ఒక పోలిక ఉంది. డబ్బు త్వరగా చేతికి తిరిగి రావాలి, పనివాళ్లు పర్మనెంట్ కాకూడదు. పదిహేనేళ్లు ఎదురుచూసే యంత్రాల పరిశ్రమకు ఆ డబ్బు వెళ్లలేదు. దానికి మామూలుగా దీర్ఘకాలం అప్పిచ్చే బ్యాంకో, ప్రభుత్వమో తోడు ఉండాలి.

ఒక్క విషయం మాత్రం త్వరగా వదిలేయలేను. ఆనకట్ట నీళ్లు భూమి ఉన్నవాడి పొలానికే పారాయి. భూమి ఎవరికి ఉంది, ఎవరికి లేదన్నది కాలవ తవ్వకముందే కులం తేల్చేసింది. మాల, మాదిగ పల్లెల నుంచి పాలేర్లుగా, నాట్లకి కూలీలుగా వచ్చినవాళ్ల చేతుల మీదుగానే ఆ మిగులంతా పుట్టింది. ఇంగ్లండ్‌లో కంచె వేసి కూలీని తయారుచేయాల్సి వచ్చింది, ఇక్కడ కూలీ ముందే సిద్ధంగా ఉన్నాడు. మిల్లు రాకపోవడం వల్ల ఎక్కువ నష్టపోయింది కూడా ఆ పల్లెలే. ఊరి ఆసామి పొలం తప్ప మరో పని లేకపోతే అతని ముందు తల ఎత్తడం కష్టం. తెనాలి దగ్గర చుండూరు రైలు మార్గం మీది ఊరు, అక్కడి దళితుల్లో చదువుకున్నవాళ్లు, రైల్వేలో పనిచేసేవాళ్లు ఉన్నారు. వాళ్లు సమానంగా నిలబడటాన్ని ఊరి పెద్దలు ఓర్వలేకపోయారు. 1991 ఆగస్టు 6న అక్కడ ఎనిమిదిమంది దళితుల్ని చంపేశారు. పారిశ్రామికీకరణ గురించి రాసేటప్పుడు నెల జీతం వచ్చే ఒక ఉద్యోగం మనిషికి ఇచ్చే స్వేచ్ఛని కూడా లెక్కలో వేయండి. జీడీపీ అంకెలో అది కనిపించదు.

కంచెల చట్టాలు పాతకాలపు ముచ్చటని కూడా అనుకోకండి. అమరావతి కోసం 2015లో 33 వేల ఎకరాలకు పైగా భూ సమీకరణ జరిగినప్పుడు రైతుకి ఎకరానికి ఏడాదికి మెట్టకి 30 వేలు, జరీబుకి (నది పక్కన నీటి వసతి ఉన్న భూమికి) 50 వేలు కౌలు, పైగా అభివృద్ధి చేసిన ప్లాటు అన్నారు. ఆ పొలాల్లో పనిచేసిన భూమి లేని కుటుంబానికి మొదట నిర్ణయించింది నెలకి 2,500 పింఛను. రైతుల బాధలు వేరే ఉన్నాయి, అవి నిజమైనవి, వాటి గురించి చాలామంది రాశారు. ఆ 2,500 సంగతి మీరు రాయండి.

ప్రాజెక్టు ఎక్కడ మొదలుపెట్టాలని కూడా అడిగారు. ఉయ్యూరు, కోయంబత్తూరు రెండిటినీ పక్కపక్కన పెట్టి పోల్చండి, సగం థీసిస్ అందులోనే ఉంది. మిగతా సగానికి మార్చి, ఏప్రిల్ నెలల్లో గుంటూరు కోల్డ్ స్టోరేజీల దగ్గరికి వెళ్లండి. పొద్దున్నే, పని ఎక్కకముందే. తొడిమలు తీసే అమ్మలతో కూర్చుని, నిన్న ఎన్ని కిలోలు తీశారు, కిలోకి ఎంత ఇచ్చారు, మీ పేరు ఎవరి పుస్తకంలో ఉంది అని అడగండి. మూడో ప్రశ్నకి జవాబు రావడానికి కాస్త సమయం పడుతుంది, తొందరపెట్టకండి. వెళ్లేటప్పుడు ముక్కుకి గుడ్డ పట్టుకెళ్లండి, అక్కడ ఘాటు మామూలుగా ఉండదు.